మగ్గంగుట్ట కప్పలు

మొన్న వంటింటి గట్టుకు రాయి చూద్దామని మా ఆవిడ నన్ను సిద్దిపేటలో ఒక గ్రానైటు దుకాణానికి తీసుకుపోయింది. తీసుకుపోయింది అనడమే సరైన మాట. బతుకంతా పెళ్లిళ్లకు ఫొటోలూ వీడియోలూ తీసి రంగుల గురించి నేను నేర్చుకున్నదంతా ఆమె లెక్కలో స్టూడియో గడప దాటి ఇంట్లోకి రాలేదు. దుకాణం అబ్బాయి నిలువుగా ఆనించిన పలకలను ఒక్కొక్కటే చూపిస్తూ, ఒక బూడిదరంగు పలక దగ్గర ఆగి, బకెట్లో మగ్గు ముంచి దాని మీద నీళ్లు కుమ్మరించాడు. తడి తగలగానే రాయి రంగు మారింది. పైకి కనబడని నల్లటి మచ్చలు లోపలి నుంచి తేలి వచ్చినట్టు వచ్చాయి. "ఇది మన దగ్గరి మాలే సార్, కొండపాక దిక్కు గుట్టది. గిప్పుడు ఆ గుట్ట లేదు, ఉన్న పలకలే ఉన్నయి" అన్నాడు. నేను రాయి మీద పెట్టిన చేతిని వెనక్కి తీసుకున్నాను. ఏమైందని మా ఆవిడ అడిగితే చల్లగా ఉందన్నాను. ఆమెకూ అది నచ్చలేదు, పొయ్యిలో బూడిదలాగ ఉందంది. ఆమె మాటను నేను అంత తొందరగా ఒప్పుకోవడం మా కాపురంలో అరుదు కనుక, ఆటోలో ఇల్లు చేరేదాకా నా వైపు అనుమానంగా చూస్తూనే ఉంది.

ఆ గుట్టను చుట్టుపక్కల వాళ్లు మగ్గంగుట్ట అనేవారు. కుకునూరుపల్లి దాటి లోపలికి పోతే, మొక్కజొన్న చేన్ల నడుమ, ఎవరో పెద్ద పెద్ద గుండ్లను ఒకదాని మీద ఒకటి పేర్చి మరిచిపోయినట్టు ఉండేది. నన్ను దాని మీదికి తీసుకుపోయింది మా బావ. అంటే మా అక్క భర్త. సిద్దిపేటలో డిగ్రీ కాలేజీలో జంతుశాస్త్రం చెప్పేవాడు. వాళ్లదీ మా లాంటి నేతపని ఇల్లే గానీ, ఆయన పుట్టకముందే వాళ్ల తాత మగ్గం అమ్మేసి రాయపోల్ దగ్గర ఇంత భూమి కొనుక్కున్నాడు. అందుకని బావకు వరినాట్లు తెలుసు, ఎడ్లు తెలుసు, నేత తెలియదు. మగ్గం నడుస్తుంటే దగ్గరగా నిలబడి విన్నది లేదు. ఈ సంగతి చిన్నదిగా కనిపిస్తుంది గానీ తర్వాత జరిగినదానికి అవసరం.

బావ మెల్లగా మాట్లాడే మనిషి. ఎంత మెల్లగా అంటే, ఆయన ఒక వాక్యం మొదలుపెట్టాక మా బాపు చుట్ట వెలిగించుకుని వచ్చి దాని చివర వినేవాడు. పెళ్లైన కొత్తలో అక్క పెరుగు కోసం ఫ్రిజ్ తెరిస్తే డబ్బాలో రెండు తొండలు కనిపించాయట. మొదటి ఏడు ఏడ్చింది, రెండో ఏడు అరిచింది, తర్వాత కింది అర ఆయనకు వదిలేసి, డబ్బాల మీద పేర్లు రాసిన కాగితాలు తానే అంటించడం మొదలుపెట్టింది. మనుషులు దేనికైనా అలవాటు పడతారనడానికి మా ఇంట్లో చెప్పుకునే ఉదాహరణ అదే.

తెలంగాణ వచ్చిన కొత్తలో, ఒక వానాకాలం, ఆ గుట్ట కింది ఊరి నుంచి వచ్చే ఒక విద్యార్థి బావను అడిగాడట, మగ్గం తనంతట తాను ఆడుతుందా సార్ అని. తరగతిలో అందరూ నవ్వారు. బావ నవ్వకుండా వాడిని కూర్చోబెట్టి సంగతంతా చెప్పించుకున్నాడు. సాయంత్రం నా స్టూడియోకు వచ్చి అదంతా నాకు చెప్పాడు. మూడు నాలుగు తరాల కింద ఆ ఊళ్లో గత్తర, అంటే కలరా, వచ్చింది. మా సాలోళ్ల ఇల్లు ఒకటి ముందుగా జబ్బు పడింది. ఊరివాళ్లు భయపడి, ఆ ఇంట్లో మిగిలినవాళ్లను మగ్గంతో సహా గుట్ట మీదికి పంపేశారు. చంకపిల్లను మాత్రం ఎవరో జాలిపడి దాచుకున్నారు. గుట్ట కింద ఒక బండ మీద గింజలు పెట్టి వచ్చేవారు. ఎవరూ పైకి పోలేదు. పోవలసిన పని లేదనుకున్నారు, ఎందుకంటే పైనుంచి మగ్గం ఆడుతున్న చప్పుడు కిందికి వినబడుతూనే ఉంది. చప్పుడు ఉందంటే మనుషులు ఉన్నట్టు. వానాకాలమంతా వినబడింది. వానలు వెనకబడ్డాక ఆగిపోయింది. అందరూ పోయారని ఊరు స్నానాలు చేసింది. మరుసటి ఏడాది తొలకరి పడిన సాయంత్రం మగ్గం మళ్లీ ఆడింది. అప్పటి నుంచి ప్రతి వానాకాలం ఆడుతూనే ఉంది. ఆ చప్పుడు వినబడినప్పుడు ఎవరూ గట్టిగా మాట్లాడరు, ఎవరూ బదులు పలకరు. పలికితే పైకి రమ్మన్నట్టేనని ఊరి నమ్మకం.

ఇదంతా చెప్పి బావ, పెళ్లిమంత్రాలు రికార్డు చేసే నీ మైకు కావాలన్నాడు. మైకు ఒక్కటీ ఇస్తే పాడుచేస్తాడని నేనూ బయలుదేరాను.

మేం పోయింది తుంపర పడుతున్న మధ్యాహ్నం. గుట్ట మొదట్లో ఒంటిగా ఒక పెంకుటిల్లు. అందులో ఒక ముసలవ్వ ఉండేది. గత్తరలో ఊళ్లో దాచుకున్న చంకపిల్ల ఉందే, ఆ పిల్లకు మనవరాలు. తొలకరి పడగానే ఒక నూలు చిలుప, అంటే చుట్టిన నూలు కట్ట, తెచ్చి గుట్ట మొదటి బండ మీద పెట్టడం ఆమె ఇంటి ఆనవాయితీ. మేం పోయిన రోజు కూడా బండ మీద తెల్లటి నూలు తడిసి, రాతికి అంటుకుని ఉంది. ఆమె మమ్మల్ని వద్దనలేదు. మా ఇంటి సంగతి అడిగింది. మా బాపు గొల్లభామ చీరలు నేసేవాడని చెబితే నా ముఖం కేసి చాలాసేపు చూసింది. పైన ఎవరైనా పలకరిస్తే పలకకండి, అంతే, అని చెప్పి లోపలికి పోయింది.

సగం ఎక్కామో లేదో నాకు వినబడింది. ఒక టక్కు. కొంచెం ఎడం. దగ్గర దగ్గరగా రెండు టక్కులు. మళ్లీ ఎడం. మా ఇంట్లో నేను పుట్టినప్పటి నుంచి పెళ్లయ్యేదాకా విన్న చప్పుడు. తాడు లాగితే పోగు మోసే నాడె ఇటు నుంచి అటు ఉరికి చెక్కకు తగలడం, ఆ వెంటనే నేతను బిగించే పలకను రెండుసార్లు ఒత్తడం. బాపు కొన్నేళ్లు భివండి పోయి మరమగ్గాల మీద పనిచేసి, ఉండలేక తిరిగి వచ్చాడు. ఆ మగ్గాలకు ఊపిరి పీల్చుకునే సందు లేదురా అనేవాడు. ఈ చప్పుడుకు ఆ సందు ఉంది. చేతితో నేసేవాడు దారం చూసుకోవడానికి ఆగినట్టు ఆగి, మళ్లీ మొదలవుతోంది. నేను ఆగిపోయాను. "బావా, పైన ఎవలో నేస్తున్రు" అన్నాను. బావ తల పక్కకు వంచి విని, ఎక్కడ, నాకు కప్పలు తప్ప ఏం వినబడతలేదు అన్నాడు. ఆ తుంపరలో ఒకరికొకరం మూరెడు దూరంలో నిలబడి, ఇద్దరం ఒకటే చప్పుడు వింటున్నాం. నాకు మనిషి వినబడ్డాడు, ఆయనకు కప్ప వినబడింది.

కప్పలే. గుట్ట నెత్తిన గుండ్ల నడుమ దోనలున్నాయి, అంటే బండలోనే గుంటపడి వాననీళ్లు నిలిచే చోట్లు. వాటి అంచున బొటనవేలంత కప్పలు. వరిమడిలో కనిపించేవాటికీ వీటికీ నాకైతే తేడా తెలియలేదు. అదే మట్టిరంగు, అదే వీపు మీద గీత. గొంతు సంచి ఉబ్బించి ఒక్కొక్కటీ టక్కు మంటోంది. నా భయం పోయి నవ్వు వచ్చింది. కానీ బావ నవ్వలేదు. కిందికి దిగి మొక్కజొన్న చేను పక్కన వరిమడి దగ్గర నన్ను నిలబెట్టి వినమన్నాడు. అక్కడి కప్పలు ట్ర్ర్ర్ మని గుడ్డ చించినట్టు సాగదీసి అరుస్తున్నాయి. ఒక్కటీ టక్కు మనడం లేదు.

ఆ సాయంత్రం రోడ్డు పక్క హోటల్లో చాయి చల్లారిపోయేదాకా బావ చెప్పిన మాటలు నాకు ఇప్పటికీ గుర్తున్నాయి. "జాతి అంటే రూపు గాదు బామ్మర్దీ. పిలిస్తే వచ్చేది ఎవలు, రానిది ఎవలు, గదీ లెక్క" అన్నాడు. ఎప్పుడో మంచి వానలు పడిన కాలంలో కిందివే కొన్ని పైకి చేరి ఉంటాయి. తర్వాత ఎండలు ముదిరి నడుమ బండ కాలిపోయింది. కప్ప తోలు తడి ఉంటేనే బతుకుతుంది, కాలే బండ దాటలేదు. పైవి పైనే, కిందివి కిందే. పైన గుండ్ల నడుమ సాగదీసిన అరుపు రాయికి తగిలి, దాని మీద అదే పడి కలగాపులగం అవుతుంది. ముక్కలు ముక్కలుగా పిలిచినది తేటగా వినబడుతుంది. ఆడకప్ప తేటగా వినబడిన వైపే పోతుంది కాబట్టి అట్లా పిలిచేవాటికే పిల్లలు. వాటి పిల్లల్లో ఇంకా తేటగా పిలిచేవాటికే మళ్లీ పిల్లలు. ఎవరూ కావాలని చేసింది కాదు. వేల వానాకాలాలు గడిచాక, రెండింటినీ పక్కపక్కన పెట్టినా ఒకదాని పిలుపు ఇంకోదానికి పిలుపులాగ వినబడదు. వినబడకపోతే జత లేదు. జత లేకపోతే రెండు రక్తాలు మళ్లీ కలవవు. అప్పుడవి రెండు జాతులు. "ఒకే ఇంట్ల పుట్టినోళ్లు, ఒకరి మాట ఒకరికి మాటలెక్క అనిపించకుండ పోయినట్టు" అని, తన మాటకు తానే ఉలిక్కిపడినట్టు ఆగి, చాయి తాగేశాడు.

ఇది నిజమో కాదో తేల్చడానికి ఆయన పెట్టిన పరీక్షకు నా పెళ్లివీడియోల సామాను పనికొచ్చింది. అక్కవాళ్ల పెరట్లో పొడుగాటి తొట్టి, దానికి రెండు కొసల్లో నా రెండు స్పీకర్లు. ఒకదాంట్లో గుట్ట పిలుపు, ఇంకొకదాంట్లో మడి పిలుపు. నడుమ ఒక ఆడకప్పను వదిలేవాడు. మడికప్ప మడి పిలుపు వైపు ఎగిరేది. గుట్ట పిలుపు ఎంత పెంచినా గోడకు చెప్పినట్టే. గుట్టవాటిదీ అదే వరుస. ఈ పనిలో ఒకసారి నా మెమరీ కార్డులు కలిసిపోయి, ఒక పెళ్లి వీడియోలో తలంబ్రాల దగ్గర కప్పలు టక్కు టక్కు మన్నాయి. పెళ్లికూతురి వాళ్లు అదేదో కొత్త పద్ధతి అనుకుని మెచ్చుకున్నారు కూడా.

నవ్వుకుంటున్న ఆ రోజుల్లోనే అది జరిగింది. ఒక మబ్బు సాయంత్రం బావ గుట్ట పిలుపు పెట్టి, కప్ప వైపు చూస్తూ కూర్చున్నాడు. లోపల సర్వపిండి ఒత్తుతున్న అక్క, చేతులకు పిండితోనే పెరట్లోకి వచ్చింది. అంతకు ముందు ఆమె ఇంట్లో ఉండగా ఆ పిలుపు పెట్టలేదు. మా బాపు పోయి అప్పటికి ఏడాది నిండలేదు. ఆమె మమ్మల్ని చూడలేదు. తొట్టిని చుట్టి, స్పీకరు దగ్గరికి, కళ్లు మూసుకుని నడిచే మనిషిలాగ నడిచి, దాని ముందు నిలబడి, "బాపు నేస్తుండు" అంది. నాతో కాదు, ఎవరితోనూ కాదు. తొట్టిలో గుట్టకప్ప కూడా అప్పుడే అదే కొసకు ఎగిరింది. బావ ఒకసారి కప్పను చూశాడు, ఒకసారి అక్కను చూశాడు. లేచి స్పీకరు ఆపేశాడు. అక్క తేరుకుని, నూనె కాగుతోందని లోపలికి పోయింది. ఆ తర్వాత ఆమె ఇంట్లో లేనప్పుడే ఆయన ఆ పిలుపు పెట్టేవాడు.

ఇంతలో గుట్టను కంకరకూ పలకలకూ ఇచ్చేశారని తెలిసింది. బావ హైదరాబాదు పోయి తెలిసినవాళ్లను కలిశాడు. ఇవి వేరే జాతి అని రుజువైతే గుట్టను కాపాడమని అడగవచ్చు. కానీ అందుకు ఇంకా కొన్ని వానాకాలాలు చూడాలి, రక్తం పరీక్షలు చేయాలి అన్నారట. వాళ్లు చెప్పింది తప్పు కాదు. కానీ పేలుడు మందు పెట్టేవాళ్లు వానాకాలాల కోసం ఆగరు. ఊళ్లో కూడా రెండు మాటలుండేవి. కొందరికి పని దొరుకుతుందని సంతోషం. కొందరికి, చెప్పుకోరు గానీ, ఆ చప్పుడు పోతే చాలునని.

చివరి వానాకాలం మేం మళ్లీ ఎక్కాం. ఈసారి స్పీకరు కూడా మోసుకుపోయాం. మబ్బు బాగా కిందికి దిగి, మధ్యాహ్నమే దీపాలవేళలాగ ఉంది. గుట్టంతా టక్కు టక్కు మని ఆడుతోంది. బావ మొదట మడికప్పల పిలుపు పెట్టాడు. పెట్టిన క్షణంలో గుట్ట మొత్తం ఆగిపోయింది. ఒక్కటి కూడా మిగలకుండా. గాలి కూడా లేదు. నా స్పీకరు నుంచి ఆ ట్ర్ర్ర్ ఒక్కటే, గుండ్లకు తగిలి చెదిరి, మాటలు రాని మనిషి ఏదో చెప్పబోతున్నట్టుగా తిరిగి వస్తోంది. అన్ని గుండ్ల సందుల్లోంచి మా వైపు ఎవరో చెవిపెట్టి వింటున్నట్టు అనిపించింది. నేనే ఓర్చుకోలేక, ఆపు బావా అన్నాను. ఆపి, గుట్ట పిలుపే గుట్టకు వినిపించాడు. ఒక దోన పలికింది. ఇంకోటి పలికింది. క్షణంలో నాలుగు దిక్కులా మగ్గాల వాడ లేచినట్టు లేచింది. ఆ సందడిలో ఒక చప్పుడు మాత్రం మిగిలినవాటికంటే బరువుగా, కింది నుంచి, నీళ్లే ఉండవనుకున్న వైపు నుంచి వస్తోంది.

అటు పోయాం. పెద్ద గుండు ఒకటి ముందుకు వంగి చూరులాగ నీడపట్టిన చోటు ఉంది. దాని కింద బండ కాదు, మొరం నేల. నేలలో ఒక గుంట. చదరంగా, అంచులు సరిగ్గా చెక్కి, మనిషి కూర్చుని కాళ్లు వేలాడేసుకునేంత లోతు. పక్కన గుండుకు ఆనించి పొగచూరిన పొయ్యిరాయి. బావ ఇదేందని అడిగాడు. నాకు అడగనక్కర్లేదు. మగ్గం గుంట. నేసేవాడు అంచున కూర్చుని లోపల కాళ్లతో తొక్కే గుంట. మా ఇంట్లో దాన్ని పూడ్చి, పైన బండలు పరిచి, మంచం వేసుకున్నాం. ఇక్కడ ఎవరూ పూడ్చలేదు. గుండు మీది నుంచి జారిన వాననీళ్లు నిండి, లోపల కప్పలు పిలుస్తున్నాయి. అది గుంట కాబట్టి చప్పుడు అంత బరువుగా వస్తోంది. లోపలి చప్పుడు రికార్డు చేయాలంటే మైకు పట్టుకుని ఎవరో దిగాలి. బావకు మోకాళ్ల నొప్పులు. నేను అంచున కూర్చుని కాళ్లు లోపలికి వదిలాను. నీళ్లు ఐసులాగ ఉన్నాయి. కప్పలు కొంచెంసేపు ఊరకుండి, మళ్లీ మొదలుపెట్టాయి. నా కాళ్ల నడుమ, నా పాదాల కింద, మగ్గం ఆడుతోంది. నా కాళ్లు కదులుతున్నాయని బావ చెప్పేదాకా నాకు తెలియలేదు. కుడి, ఎడమ, కుడి. తొక్కుతున్నాను.

దిగి వచ్చేసరికి ముసలవ్వ గడపలో కూర్చుని ఉంది. గుంట ఉందని చెప్పాం. ఉంటుంది, ఎందుకుండదు అంది. చప్పుడు కప్పలదేనని బావ ముందే చెప్పి ఉన్నాడు, మళ్లీ నెమ్మదిగా, తప్పు పట్టినట్టు కాకుండా చెప్పాడు. ఆమె కొంగుతో కాళ్ల మీది బురద తుడుచుకుంటూ, "కప్పలే గావచ్చు సారూ. మరి కప్పలకు మగ్గం ఎవ్వలు నేర్పిన్రు?" అంది. బావ మైకు తీగ చుట్టుకుని బండి వైపు నడిచాడు.

వచ్చేటప్పుడు దారిలో బండి ఆపమన్నాడు. చేన్ల గట్టున నిలబడి గుట్ట వైపు చూస్తూ, ఆమె అడిగిన ప్రశ్నకు జవాబు ఉంది అన్నాడు. కప్పలు ముందు, మగ్గం తర్వాత. గుట్ట వయసు ముందు గత్తర నిన్నటి మాట. ఆ మనుషులు పైకి పోకముందు ఎన్నో వేల ఏళ్లుగా అక్కడ ఆ చప్పుడు ఉంది. ఇంతదాకా చెప్పి వచ్చి బండెక్కాడు. నేను బండి స్టార్టు చేయబోతే చెయ్యి అడ్డం పెట్టి, "ఊరోళ్లు వానాకాలమంతా విన్నరు గద బామ్మర్దీ, చప్పుడున్నది గనక బతికిన్రని పైకి పోలే. వానలు ఆగంగనే చప్పుడాగింది. మగ్గం వానకు ఆడి, వాన ఆగితే ఆగుతదా?" అన్నాడు. నేను బండి తాళం మళ్లీ తీశాను. పైన మనుషులు తొలకరి నాటికే పోయారేమో. కింద ఊరు కప్పలను వింటూ, ఉన్నారు, నేస్తున్నారు అనుకుంటూ, కోతులకూ నెమళ్లకూ గింజలు పెట్టుకుంటూ నిశ్చింతగా ఉందేమో. చప్పుడు లేకపోయి ఉంటే ఎవరో ఒకరు ఎక్కి చూసేవారేమో. ఈ మాట ముసలవ్వకు చెప్పవద్దని ఇద్దరం అనుకోలేదు. అనుకోకుండానే చెప్పలేదు.

మరుసటి ఎండాకాలం గుట్టను పేల్చడం మొదలుపెట్టారు. అంతకు ముందే బావ కొన్ని కప్పలను తెచ్చి, పెరట్లో గుండ్రాళ్లు పేర్చి సిమెంటు తొట్టి కట్టి, దాంట్లో పెట్టాడు. పక్కనే మడికప్పల తొట్టి. రెండింటి నడుమ ఒక చెక్క. అవి బతికాయి, పిలిచాయి, గుడ్లు పెట్టాయి. ఒక ఏడు కుండపోత పడి చెక్క తేలిపోయి రెండు తొట్లూ కలిశాయి. ఇరుకులో మగకప్ప దొరికినదాన్ని పట్టుకుంటుంది. పిలుపు చూసుకోదు. అట్లా పుట్టిన గుడ్లు చాలావరకు తెల్లబడి కుళ్లిపోయాయి. కొన్ని మాత్రం కప్పలయ్యాయి. వాటిలో మిగిలిన మగది ఒకటి మళ్లీ వానలకు పిలవడం మొదలుపెట్టింది. ఆ పిలుపును ఏమని చెప్పాలి? టక్కు మని మొదలై, నడుమ తెగి, సాగి, గొంతులో ఏదో అడ్డం పడ్డట్టు ఆగిపోయేది. బావ దాన్ని రికార్డు చేయించి తొట్టిలో పెట్టి చూశాడు. గుట్ట ఆడకప్ప కదల్లేదు. మడి ఆడకప్ప కదల్లేదు. ఆయనకు మొదట సంతోషమే, అనుకున్నది కళ్ల ముందు జరిగింది కాబట్టి. తర్వాత ఆ సంతోషం ముఖంలోంచి పోయింది. అది ఆ వానాకాలమంతా పిలిచింది. ఎవరికీ పిలుపు కాని పిలుపు. దాన్ని ఎక్కడైనా వదిలిపెట్టి రండి, నేను వినలేను అని అక్క అంటే, "యాడ ఇడువాలె? రెండు దిక్కుల్ల దానికి ఎవ్వలు లేరు" అన్నాడు బావ. అంతకంటే పెద్ద సంతాపసభ ఏ జీవికీ జరిగి ఉండదు.

తర్వాతి ఏళ్లలో తొట్టిలో ఒక్కొక్కటీ తగ్గిపోయాయి. గుట్టలోని దోన వేరు, పెరట్లో సిమెంటు వేరు. ముసలవ్వ పోయిందని ఎవరో చెప్పారు. గుట్ట ఉన్నచోట నీళ్లు నిండిన పెద్ద గొయ్యి మిగిలింది. బావ ఉద్యోగం దిగిపోయాడు. ఆ మీదట ఒక ఎండాకాలంలో, పెద్దగా జబ్బు పడకుండా, ఎవరినీ దవాఖాన చుట్టూ ఎక్కువ తిప్పకుండా పోయాడు. అప్పటికి తొట్టిలో గుట్టకప్ప ఒక్కటే మిగిలి ఉందని అక్క చెప్పింది. మగది.

ఆ ఏడు తొలకరి సాయంత్రం అక్క ఎట్లా ఉందోనని చూడబోయాను. గేటు తీస్తుండగానే పెరట్లోంచి వినబడింది, ఒక టక్కు, ఎడం, రెండు టక్కులు. అది పలకగానే ఇంకో వైపు నుంచి బదులు. రెండు ఉన్నాయి, ఇంకోటి ఎక్కడో బతికి ఉంది, బావకు ఎట్లా చెప్పాలి అని, చెప్పడానికి బావ లేడన్నది కూడా మరిచి, ఇంటి పక్క సందులోంచి పరుగెత్తాను. అక్క పెరటి మెట్టు మీద కూర్చుని ఉంది. చేతిలో బాపు నాడె ఉంది. మగ్గం అమ్మేసిన రోజు ఆమె అడిగి తెచ్చుకున్నది అదొక్కటే. తొట్టిలోంచి కప్ప పిలిచినప్పుడల్లా, నాడె కొసతో మెట్టు రాయి మీద కొడుతోంది. ఒకటి. ఆగి, రెండు. తప్పు పోవడం లేదు. వాన ఆమె మోకాళ్ల మీద పడుతోంది.

నేను దగ్గరికి పోయి, "పలుకొద్దని చెప్పిండ్రు గదక్కా" అన్నాను. అక్క తల తిప్పలేదు. "మరి ఎవలు పలుకుతరు తమ్మీ" అంది.

ఆ వానాకాలమంతా అది పిలిచింది, ఆమె పలికింది. చీకటి పడేవేళకు పనులన్నీ ముగించుకుని మెట్టు మీదికి వచ్చేది. చుట్టుపక్కల మురికికాల్వల్లో మామూలు కప్పలు గుంపులు గుంపులుగా అరిచేవి, ఈ తొట్టికీ వాటికీ సంబంధం లేనట్టు. మరుసటి ఏడాదీ వానలు పడ్డాయి. అక్క కొన్ని సాయంత్రాలు వచ్చి కూర్చుంది. తొట్టిలో నీళ్లు నిండి పొర్లాయి. ఏదీ పిలవలేదు. ముందుగా తాను కొట్టి చూసిందా అని నేను అడగలేదు.

కాలం గురించి బావ పుస్తకాల్లో లక్షల ఏళ్ల మాటలుండేవి. నాకు అంత పొడుగు ఎప్పుడూ అందలేదు. ఒకరు పిలిచాక ఇంకొకరు పలికేదాకా ఉండే సందే కాలం అని మాత్రం ఈ వయసుకు తెలిసింది. ఆ సందు కొంచెం పెరిగితే ఎదురుచూస్తాం, ఇంకొంచెం పెరిగితే అలవాటుపడతాం, ఆ తర్వాత అటువైపు నుంచి ఎంత పిలిచినా అది మనల్నేనని మన చెవికి తెలియదు.